మొక్కిన జుట్టు

గిలకలదిండి,
ఆగస్టు, సోమవారం.

నాగులూ,

ఎప్పుడూ ముందు ఆశీర్వాదం రాసి తర్వాత విషయానికి వస్తాను. ఈసారి విషయమే రాస్తున్నాను.

ఫోను చేయొచ్చు కదా అంటావు. నిన్న చేశాను. డప్పులు, ఈలలు, మధ్యలో నీ అరుపులు. "గెలిచాం పెద్దక్కా, గెలిచాం" అన్నావు, పెట్టేశావు. కాగితం మీదైతే నువ్వు నాకు అడ్డు రాలేవు.

శనివారం సాయంత్రం తెరేసమ్మ ఫోనులో చూశాం. ఎండుచేపల పని చేసే ఆడవాళ్లందరం ఆమె అరుగు మీదే ఉన్నాం. విజయవాడ స్టేడియం, మధ్యలో వాళ్లు లోపల తలపడే ఆ ఇనుప జాలీ, కళ్లు చెదిరే లైట్లు. మగపిల్లల బెల్టు పోటీ అయ్యాక మన తిరుమలని పిలిచారు. "బందరు బంగారం" అన్నాడు మైకు పట్టుకున్నతను. పిల్ల బయటికొచ్చింది. "ఇదెవరే రత్నం, మీ తిరుమలకి బదులు మగపిల్లాణ్ణి పంపారా?" అంది తెరేసమ్మ. అందరూ నవ్వారు.

నడుము దాటే జడ. ఇప్పుడు చెవుల దాకా కూడా లేదు. చేతికందినచోట కోసినట్టు ఉంది.

ఆ పిల్ల మొదటిసారి ఆ జాలీలోకి దిగిన రోజున మోపిదేవి స్వామికి మొక్కాను. బెల్టు పోటీ దాకా దాని జుట్టుకి కత్తెర తగలనివ్వను స్వామీ, అది క్షేమంగా బయటికొస్తే ఆ తలనీలాలు నీవే అని. నువ్వు పక్కనే ఉన్నావు. మొక్కిన జుట్టు కొసలు కూడా కత్తిరించకూడదని నీకు వేరే చెప్పాలా? అమ్మ నీకూ అలాగే పెంచి అక్కడే ఇచ్చింది.

గెలిచింది. చూశాను. సంతోషమే.

కత్తెర ఎవరు పెట్టారు? అది చెప్పు. పిల్లని నాతో మాట్లాడించు.

గంగారత్నం


విజయవాడ వన్ టౌన్,
గురువారం.

పెద్దక్కా,

నీ ఉత్తరం చదివాక ఒళ్లు మండిపోయింది. చిన్నక్క పోతూ పోతూ మన చేతుల్లో పెట్టిన పిల్ల ఇవాళ ఛాంపియన్! పూణే నుంచి వచ్చిన ఆ అమ్మాయి అప్పటిదాకా ఒక్క ఫైటు ఓడలేదు. దాని మెడకి రెండో రౌండులో పట్టు బిగించి, ఓడానని నేల తట్టించింది మన తిరుమల. వన్ టౌన్‌లో మా సందు మొదట్లో పోస్టరు కట్టారు. కింద బెల్లం గోడౌను వెంకటకృష్ణారావు గారు, రోజూ మా చప్పుళ్లకి తిట్టే మనిషి, స్వీట్లు పట్టుకుని మేడెక్కి జిమ్‌కి వచ్చాడు. నీకేమో జుట్టు!

నీకు అర్థమయ్యేలా చెప్తా విను. ఇది బరువుల లెక్క మీద నడిచే ఆట. మన పిల్ల దిగేది యాభై రెండు కిలోల తరగతి. ఫైటుకి ముందు రోజు పొద్దున కాటా ఎక్కిస్తారు. మామూలు ఫైటయితే అర కిలో అటూ ఇటూ చూసీ చూడనట్టు పోతారు. బెల్టు ఫైటుకి గ్రాము కూడా వదలరు. ఎక్కువుంటే బెల్టు లేదు, అంతే. ఫైటర్లందరూ మామూలుగా ఐదారు కిలోలు ఎక్కువే ఉంటారు. చివరి వారంలో ఒంట్లో నీళ్లు తగ్గించుకుంటారు, కాటా దిగాక మళ్లీ తాగేస్తారు. ప్రపంచమంతా ఇంతే. నేను కనిపెట్టింది కాదు.

మన పిల్ల కాటా ఎక్కితే ఒక కొత్తిమీర కట్టంత ఎక్కువుంది. ఇంకో గంట టైమిచ్చారు. ఆ గంటలో ఏం చేస్తాం? జుట్టు తీస్తే సరిపోతుంది. తీశాం, సరిపోయింది. తిరుమలే అడిగింది, కత్తెర ఇవ్వు మావయ్యా అని. నమ్మకపోతే నీ ఇష్టం.

స్వామికి జుట్టు మళ్లీ మొలిపించి ఇద్దాం. బెల్టు మళ్లీ మొలుస్తుందా?

పిల్ల అలిసిపోయింది, నిద్రపోతోంది. లేచాక చేయిస్తాలే. డిసెంబరులో బెల్టు కాపాడుకునే ఫైటు ఉంది. అప్పటికి ఇంకో రెండు బస్తాలు మన ఊరి కళ్లుప్పు బస్సు పార్సిల్లో వేయి. మొన్న నువ్వు పంపింది పిల్లల కాళ్ల నొప్పులకి బాగా పనిచేసింది. ఇక్కడ దొరికేది సన్న ఉప్పు, దేనికీ పనికిరాదు.

కొంచెం గర్వపడు పెద్దక్కా. అప్పుడప్పుడన్నా.

నాగులు


గిలకలదిండి,
ఆగస్టు చివర.

నాగులూ,

ఉప్పు పంపను.

పిల్ల ఫోను ఎత్తడం లేదు. నిన్న దాని ఫోను నుంచి "బాగున్నాను పెద్దమ్మా" అని మెసేజి వచ్చింది. అది నన్ను పెద్దమ్మా అని ఎప్పుడు పిలిచింది? "రత్నాలమ్మా, ఏం కూర?" అంటుంది. ఆ మెసేజి నువ్వు పెట్టావు.

కోసిన జుట్టు ఎక్కడుంది? దాచి ఉంటే పంపు. నేనే మోపిదేవి తీసుకెళ్లి, జరిగింది స్వామికి చెప్పుకుంటాను.

గంగారత్నం


విజయవాడ వన్ టౌన్,
సెప్టెంబరు.

పెద్దక్కా,

అవును, నేనే పెట్టాను. ఏం? పిల్ల పడుకుంటే లేపి మాట్లాడించాలా? నువ్వు పోలీసువా, నేను దొంగనా?

జుట్టు పోటీవాళ్లు మాకిచ్చిన హోటల్ బాత్రూంలో చెత్తబుట్టలోకి పోయింది. ఒక్క గంటలో కాటా ఎక్కాలి, నేను వెంట్రుకలు ఏరుకుంటూ కూర్చోవాలా? హోటల్ వాడిని అడిగి వెతికించనా? చెప్పు, వెతికిస్తా. ఊరి చెత్తంతా ఎక్కడ పోస్తారో కనుక్కుని, ముక్కుకి గుడ్డ కట్టుకుని వెళ్తా. అప్పుడు నీ మనసు చల్లబడుతుందా?

చిన్నప్పటి నుంచీ ఇంతే నువ్వు. ఎవరికేం జరిగినా ముందు దేవుడికి బాకీ పడ్డామేమో అని చూస్తావు. మనిషిని చూడవు. నేను పొద్దున్నే లేచి ఆ పిల్లని పరిగెత్తించా, దాని చేతులకి నేనే గుడ్డ చుట్టా, స్పాన్సర్ల గుమ్మాల దగ్గర చేతులు కట్టుకుని నిలబడ్డా. నువ్వేం చేశావు? దీపం పెట్టావు. చేపలకి ఉప్పు రాసుకునే మనిషివి, నీకు కేజ్ గురించి ఏం తెలుసని నన్ను నిలదీస్తున్నావు?

పిల్లకి ఏమీ కాలేదు. డాక్టరు కూడా చూసి, నీళ్లు బాగా తాగితే వాపు అదే పోతుందన్నాడు. నువ్వు ఊరంతా చాటింపు వేయకు.

రేపు హైదరాబాదు వెళ్తున్నా, డిసెంబరు ఫైటు మాట్లాడ్డానికి. వచ్చాక నేనే పిల్లని తీసుకొస్తా. అప్పటిదాకా ఉత్తరాలు రాయకు. ప్రతి ఉత్తరానికీ నా బీపీ పెరుగుతోంది.

నాగులు


బందరు, ఆసుపత్రి వరండా,
సెప్టెంబరు.

నాగులూ,

"వాపు" అని రాశావు. ఏ వాపు? ఏ డాక్టరు? ఆ మాట చదివి అలాగే లేచి బస్సెక్కాను.

నీ ఇంట్లో మార్త ఉంది. మీ ఆవిడ మంచిది, నాగులూ. నన్ను చూడగానే ఏడ్చింది. "వదినా, నేను చెప్తే ఆయన వినరు, మీరైనా తీసుకుపోండి" అంది. పిల్ల మంచం మీద ఉంది. పాదాల మీద వేలు నొక్కితే గుంట పడి అలాగే ఉండిపోతోంది. మొహం ఉబ్బి, కళ్లు చిన్నవైపోయాయి. ఫైటు అయిన మర్నాడు మూత్రం కాఫీ డికాషన్‌లా వచ్చిందట. నీకు చెప్పిందట. "నీళ్లు తాగు" అన్నావట.

ఆటో మాట్లాడుకుని బస్టాండుకి, అక్కణ్ణుంచి బందరు తెచ్చేశాను. ఇక్కడ డాక్టరమ్మ రక్తం తీయించింది. మూత్రపిండాలు దెబ్బతిన్నాయంది. ఇంకో వారం ఆలస్యమైతే రక్తం కడిగే మిషను పెట్టాల్సి వచ్చేదంది. ఇప్పుడు మెల్లగా దారిలో పడుతున్నాయి. మళ్లీ ఒకసారి ఇలా ఒంట్లో నీళ్లు ఆరబెడితే తన చేతిలో ఏమీ ఉండదని, నా కళ్లలోకి చూసి చెప్పింది.

రెండో రోజు పిల్ల గంజి తాగి, గోడ వైపు తిరిగి చెప్పింది.

హోటల్లో టబ్బు నిండా వేడినీళ్లు పట్టావట. అందులో కళ్లుప్పు గుమ్మరించావట. ఉప్పునీళ్లయితే ఒంట్లోంచి చెమట ఇంకా లాగుతుందని. మెడ దాకా ముంచి కూర్చోబెట్టి, తర్వాత దుప్పట్లు చుట్టావట. కాళ్ల నొప్పులకని చెప్పి నాతో పంపించుకున్న ఉప్పు, నాగులూ. బస్తా మూతి నేను కుట్టి పంపాను. దాని మీద పసుపు బొట్టు కూడా పెట్టాను, పిల్ల పోటీకి వెళ్తోందని.

టబ్బులో స్పృహ తప్పింది. చెంపల మీద కొట్టి లేపావు. మళ్లీ ముంచావు. మళ్లీ తప్పింది. కాటా దగ్గర పోటీ డాక్టరు "కళ్లు తిరిగాయా?" అని అడిగితే, దాని భుజం మీద చెయ్యేసి నువ్వే "లేదు సార్, ఫ్రెష్‌గా ఉంది" అన్నావు.

ఇక జుట్టు. ఎవరు కోశారని నిన్ను మొదటి ఉత్తరంలో అడిగాను. పిల్ల మాటలు ఇవి, ఒక్కటీ మార్చలేదు.

"కాటా మీద ఎక్కువొచ్చింది. గంట టైమిచ్చారు. పద, ఇంకోసారి టబ్బులో కూర్చుందువు గాని అన్నాడు మావయ్య. నాకు ఆ బాత్రూం తలుపు చూస్తేనే వణుకొచ్చింది రత్నాలమ్మా. కత్తెర ఇవ్వు మావయ్యా అన్నాను. నేనే కోసుకున్నాను. నీ మొక్కు గుర్తుంది. కోస్తుంటే స్వామికి చెప్పాను, నన్ను మళ్లీ ఆ నీళ్లలోకి పంపకు, ఇది ఇప్పుడే తీసుకో అని."

ఇన్నాళ్లూ జుట్టు గురించి నీ మీద కోపపడ్డాను. ఆ కోపం తీసేసుకుంటున్నాను. స్వామి తన జుట్టు తాను తీసుకుని పిల్లని ఆ గంట కాపాడాడు. చెత్తబుట్టలో పడ్డా అది ఆయనకి చేరింది. మొక్కు తీరింది.

ఇప్పుడు కోపం దేనికో నీకు తెలుసు. జుట్టు దేవుడిదని నేను రెండేళ్లు ముట్టుకోకుండా పెంచాను. ఆ ఒళ్లు దానిది. దాన్ని ముంచడానికి నువ్వెవరు?

ఇక్కడికి రావద్దు.

గంగారత్నం


విజయవాడ వన్ టౌన్,
అక్టోబరు.

పెద్దక్కా,

నేను ఊళ్లో లేనప్పుడు నా ఇంట్లోంచి నా ఫైటర్ని ఎత్తుకుపోయావు. మార్తని నా మీదకి ఎగదోశావు. అది నాలుగు రోజులుగా నాతో మాట్లాడకుండా అన్నం పెట్టి వెళ్లిపోతోంది. శభాష్.

నేనేదో పిల్లని చంపబోయినట్టు రాశావు. అందరూ ఇలాగే తగ్గిస్తారు! ఆ పూణే అమ్మాయి ఏం చేసింది అనుకుంటున్నావు? అది ముందు రోజంతా ఉమ్మి డబ్బాలో ఊస్తూ కూర్చుంది. మగాళ్లు చేస్తారు, ఆడవాళ్లు చేస్తారు. కొందరికి కళ్లు తిరుగుతాయి. లేస్తారు. ఫైటు ఆడతారు. మన పిల్ల లేవలేదా? ఆడలేదా? గెలవలేదా?

నీకు ఒక సంగతి గుర్తుచేస్తా. నేను బాక్సింగ్ ఆడే రోజుల్లో వైజాగ్ వెళ్లాను. కాటా మీద కాస్త ఎక్కువొచ్చిందని రింగు ఎక్కనివ్వలేదు. అదే రైల్లో వెనక్కొచ్చాను. స్టేషన్లో నువ్వే ఉన్నావు. "పోనీలేరా, దేవుడు ఇంతే రాశాడు" అన్నావు. దేవుడు రాయలేదు పెద్దక్కా. నా పక్కన తెలిసినవాడు లేడు, అంతే. ఆ రోజు నన్ను ఎవడైనా టబ్బులో మెడ పట్టి ముంచి ఉంటే నా బతుకు వేరేగా ఉండేది. తిరుమలకి అలా జరగకూడదనే దాని పక్కన నిలబడ్డాను. అది నీకు తప్పుగా కనిపిస్తోంది.

డిసెంబరు ఫైటుకి సంతకం అయిపోయింది. రాకపోతే బెల్టు లాగేసుకుంటారు. పోస్టరు మీద బొమ్మ పడింది. ఆ బెల్టు మీద నా చెమట కూడా ఉంది.

ఆదివారం కారు తీసుకొస్తున్నా. పిల్ల బ్యాగు సర్ది ఉంచు. వాకిట్లో గొడవ చేస్తే నీకే పరువు తక్కువ.

నాగులు


గిలకలదిండి,
అక్టోబరు, బుధవారం.

నాగులూ,

కారు తేవద్దు. తెచ్చినా ఖాళీగానే వెళ్తుంది.

పిల్ల ఇంటికొచ్చింది. వాపు తగ్గింది. నిన్న పులస పులుసు కావాలని గొడవ చేసింది. ఈ నెలలో పులస ఎక్కడే అంటే, "ఛాంపియన్ని కదా, వెతికించు" అంది. మట్టగుడిస పులుసుతో సరిపెట్టాను. ఉప్పు సగమే వేశాను, డాక్టరమ్మ చెప్పిందని. తిడుతూనే తిన్నది.

వైజాగ్ రైలు నాకు గుర్తుంది. నువ్వు ప్లాట్‌ఫారం మీద బ్యాగు విసిరికొట్టావు. నీ బాధ నాకు తెలియదనుకోకు. కానీ ఆ రైల్లోంచి నువ్వు రెండు కాళ్ల మీద దిగావు. ఎవడూ నిన్ను మెడ పట్టి ముంచలేదు కాబట్టి దిగావు. ఈ మాట నీకు ఇప్పుడు ఎక్కదు.

తిరుమల ఆడడం మానదు. మానమని నేను అడగలేదు. అడిగినా వినదు, అది చిన్నక్క కూతురు. కానీ ఇక యాభై రెండు కిలోలకి దిగదు. కడుపునిండా తిని ఎంత బరువుంటే ఆ తరగతిలో ఆడతానంటోంది. అక్కడ పిల్లలు పెద్దగా ఉంటారే, దెబ్బలు తింటావే అన్నాను. "తింటాను. దెబ్బయితే తగిలినప్పుడు తెలుస్తుంది కదా" అంది. కొండపల్లిలో ఒక కోచ్ ఉన్నాడట, బసవయ్య గారని, థర్మల్ స్టేషనులో ఉద్యోగం, సాయంత్రాలు నేర్పిస్తాడు. ఆయనతో మాట్లాడుకుంది. ఆయన మొదట అడిగింది డాక్టరు కాగితం.

బెల్టు వదులుకుంటున్నానని పోటీ పెట్టేవాళ్లకి తిరుమలే రాసింది. ఎందుకో కూడా రాసింది. స్పృహ తప్పిన సంగతి, దాచిపెట్టి డాక్టరు ముందు నిలబెట్టిన సంగతి. ఆసుపత్రి కాగితాలు జతచేసింది. నేను వద్దనలేదు. మావయ్య కదే, ఇంకోసారి ఆలోచించుకో అని కూడా అనలేదు. అనాలేమోనని ఒక పూటంతా కూర్చున్నాను.

ఇంకొకటి. నీ జిమ్‌లో రాజ్యలక్ష్మి కూతురు ఉంది కదా, దానికీ బరువు తగ్గించే పని మొదలుపెట్టావని తిరుమల చెప్పింది. మొన్న వన్ టౌన్ వచ్చి రాజ్యలక్ష్మిని కలిశాను. నీ గుమ్మం ముందు నుంచే నడిచి వెళ్లాను. అంతా చెప్పాను. నా మాట విని ఆవిడ నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది.

పిల్ల బ్యాగులో వచ్చిన బెల్టు బస్సు పార్సిల్లో వేశాను, తీసుకో. దాని మీద నీ చెమట ఉందన్నావు, నీ దగ్గరే ఉండనీ. వాళ్లు అడిగినప్పుడు నువ్వే అప్పజెప్పు.

గంగారత్నం


విజయవాడ వన్ టౌన్,
నవంబరు.

పెద్దక్కా,

బెల్టు వచ్చింది. పాత చీరలో చుట్టి పంపావు. చేపల వాసన వేస్తోంది. నిన్న వాళ్ల మనిషి వచ్చి పట్టుకుపోయాడు.

నా కోచ్ కార్డు ఆపేశారు. ఏడాది పాటు ఏ పోటీలోనూ ఏ ఫైటర్ పక్కనా నిలబడకూడదట. రాజ్యలక్ష్మి కూతురితో పాటు ఇంకో ఇద్దరు మానేశారు. పోస్టరు మీద తిరుమల మొహానికి ఎవరో కొత్త సినిమా బొమ్మ అంటించారు. వెంకటకృష్ణారావు గారు జిమ్ ఖాళీ అయితే బెల్లం బస్తాలు వేసుకుంటానని కబురు పెట్టాడు. నీకు తృప్తిగా ఉందా?

బయటివాడు చేస్తే తట్టుకునేవాణ్ణి. సొంత అక్క, చేతిలో జపమాల తిప్పుకుంటూ నా మెడ కోసింది. మెత్తగా మాట్లాడేవాళ్లతోనే భయమని నాన్న అనేవాడు. నిజం.

మార్త నీతో మాట్లాడుతూనే ఉందని తెలుసు. మాట్లాడనీ. నేను మాత్రం మీ గుమ్మం తొక్కను. నా కోపం చల్లారేది కాదు.

ఒక్కటి చెప్పు చాలు. పిల్ల ఇప్పుడు ఎంత బరువుంది?

నాగులు


గిలకలదిండి,
నవంబరు, కార్తీక సోమవారం.

నాగులూ,

పెద్ద ఉత్తరం రాశావు. చివర ఒక్కటే అడిగావు. బరువు. వాపు పోయిందా అని లేదు. అన్నం తింటోందా అని లేదు. నిద్రలో ఇంకా ఉలిక్కిపడుతోందా అని లేదు. పడుతోంది. స్నానానికి వేడినీళ్లు తోడితే బాత్రూం తలుపు దగ్గరే ఆగిపోతోంది. చన్నీళ్లే పోసుకుంటోంది, ఈ చలిలో.

నీ ఉత్తరం చదివి వినిపించమంటే వినిపించాను. "ఇంట్లో కాటా లేదని రాయి" అంది. నేను అబద్ధం రాయను. కాటా ఉంది, చేపలు తూచేది, వాకిట్లోనే వేలాడుతోంది. దాని బరువు నీకు చెప్పను. ఇక ఎప్పుడూ చెప్పను.

నా వల్ల నీ కార్డు పోయిందన్నావు. పోవాలనే చేశాం. మెడ కోశానన్నావు. సరే, అనుకో.

ఇవాళ ఉపవాసం. దీపాల ముందు మన వాళ్లందరి పేర్లూ చెప్పుకున్నాను. నీ పేరూ చెప్పాను. నీ ఆరోగ్యం అడిగాను, మార్తకి మనశ్శాంతి అడిగాను. నీ మీద కోపం తగ్గించమని మాత్రం అడగలేదు. అడగను కూడా. అది తగ్గిందంటే, రేపు నువ్వు గుమ్మంలోకి వచ్చి "పెద్దక్కా" అంటే, నమ్మి మళ్లీ పిల్లని నీ వెంట పంపిస్తాను. నా సంగతి నాకు తెలుసు.

గంగారత్నం